కిల్వా చరిత్రను కథలోనూ మట్టిలోనూ చదివే పద్ధతి

ఆఫ్రికా చరిత్రను మౌఖిక సంప్రదాయం, పురావస్తు పరిశోధన రెండింటి సాయంతోనూ తెలుసుకోదలచినవారు ముందుగా ఒక చిన్న చోటును ఎంచుకోవాలి. ఖండమంతటి గురించీ ఒకేసారి చదివితే పేర్లు మిగులుతాయే గానీ ఏ ఆధారం దేన్ని రుజువు చేస్తుందో అంతుపట్టదు. ఇక్కడ నేను టాంజానియా దక్షిణ తీరాన ఉన్న కిల్వా కిసివాని ద్వీపాన్ని ఉదాహరణగా తీసుకుంటున్నాను. నేటి మొజాంబిక్ తీరంలోని సొఫాలా బంగారు వ్యాపారంతో వర్ధిల్లిన ఈ స్వాహిలి (తూర్పు ఆఫ్రికా తీరవాసుల) పట్టణాన్ని 1331లో మొరాకో యాత్రికుడు ఇబ్న్ బతూతా చూశాడు. దీనికి సొంత పుట్టుక కథ ఉంది, లోతైన తవ్వకాలూ జరిగాయి, ఆ రెండూ అన్నిచోట్లా ఏకీభవించవు కూడా. నేర్చుకునేవారికి ఇంతకంటే మంచి చోటు అరుదు.

మొదటి పని, కథకు దొరికినన్ని పాఠాలను, అంటే వేర్వేరు కథనాలను, పక్కపక్కన పెట్టుకుని చదవడం. కిల్వాను 1505లో పోర్చుగీసువారు ఆక్రమించిన తరువాతి తరంలో అరబ్బీలో రాసిన చరిత్ర ఒకటి ఉంది. పోర్చుగీసు చరిత్రకారుడు జువావ్ డి బారోస్ 1552లో అచ్చువేయించినది మరొకటి. స్వాహిలి నోటిమాటగా నిలిచి, చాలా కాలం తరువాత కాగితమెక్కినది ఇంకొకటి. అరబ్బీ పాఠంలో పర్షియాలోని షీరాజ్ నగరం నుంచి ఒక తండ్రి, ఆరుగురు కొడుకులు ఏడు ఓడల్లో బయలుదేరి తీరం వెంట ఒక్కొక్కరు ఒక్కో చోట దిగుతారు. బారోస్ పాఠంలో అన్నదమ్ముల చిన్నచూపు భరించలేని అలీ, కిల్వా షీరాజీ వంశానికి మూలపురుషుడిగా చెప్పే వ్యక్తి, పర్షియన్ గల్ఫ్ రేవు హోర్ముజ్ నుంచి రెండు ఓడలతో వస్తాడు. స్వాహిలి పాఠంలో అతను స్థానిక నాయకుడి కూతుర్ని పెళ్లాడతాడు, వారికి పుట్టిన కొడుక్కి ఆ తాత అధికారం అప్పగిస్తాడు. ఓడల సంఖ్య మారినా, బంధుత్వాలు మారినా, ద్వీపాన్ని బట్ట ఇచ్చి కొన్నారన్న మాట మాత్రం మారదు. ఇలా మారనిదాన్ని ఒక వైపు, మారినదాన్ని మరొక వైపు రాసుకోవాలి.

తరువాత, ఈ కథను ఎవరు, ఎవరి హక్కు కోసం చెప్పారో అడగాలి. కల్నల్ కాలిన్ మెకంజీ కాలంలో రాయించిన మన గ్రామ కైఫీయతులు (ఊరి వృత్తాంతాలు) చదివినవారికి ఈ ప్రశ్న అలవాటే, ఎందుకంటే ఊరి పుట్టుక చెప్పే కథలో మాన్యమూ మర్యాదా ఎవరివో కూడా ఉంటుంది. కిల్వా కథలో బట్ట ధరను తెలుపుతుంది, పెళ్లి చుట్టరికాన్ని తెలుపుతుంది, రెండూ కలిసి అధికారం న్యాయంగానే చేతులు మారిందన్న వాదన అవుతాయి. నాయకుడు బట్ట తీసుకుని ప్రధాన భూభాగానికి వెళ్లాక, ఆటు సమయంలో నడిచి దాటగలిగిన పాయను కొత్త పాలకుడు లోతు చేయించాడని అరబ్బీ పాఠం అంటుంది. ఈ మాటను ఇంజనీరింగ్ పనికి సాక్ష్యంగా కాక, ద్వీపవాసులకూ అవతలి గట్టువారికీ మధ్య ఉన్న అనుమానానికి సాక్ష్యంగా తీసుకోవడమే నా దృష్టిలో సరైన పని.

ఇప్పుడు మట్టి వైపు రావాలి. కథలోని ఏ వస్తువు నేలలో నిలుస్తుందో, ఏది నిలవదో ముందే ఆలోచించుకోవాలి. తేమ నేలలో బట్ట కుళ్లిపోతుంది గనుక నాయకుడికి ఇచ్చిన బట్ట దొరకదు. కానీ కుండపెంకును గుండ్రంగా చెక్కి, నడుమ రంధ్రం పెట్టిన కదురు బిళ్లలు కిల్వాలో దొరికాయి. అంటే ఒక దశలో పట్టణంలోనే నూలు వడికేవారు. 1960ల్లో పురావస్తు శాస్త్రవేత్త నెవిల్ చిటిక్ జరిపిన తవ్వకాల్లో అడుగు పొరలు ఇంకా ముఖ్యమైన సంగతి చెప్పాయి. సుమారు 9వ శతాబ్దం నాటికే అక్కడ కర్రా మట్టీ కలిపి కట్టిన ఇళ్లు, స్థానిక ఆఫ్రికన్ కుండలు, ఇనుము పని ఉన్నాయి. షీరాజీ వంశం రాకముందే ఊరు ఉందన్న మాట. కథ కూడా దీన్ని కాదనడం లేదు, ద్వీపం అమ్మడానికి ముందే అక్కడొక నాయకుడు ఉన్నాడు కదా.

కాలనిర్ణయం దగ్గర ఎక్కువ ఓపిక కావాలి. చరిత్రల్లోని రాజుల పాలనాకాలాలను కూడి లెక్కించినవారు కథలోని అలీని, అంటే అలీ బిన్ అల్ హసన్‌ను, 10వ శతాబ్ది మధ్యలో పెట్టారు. చిటిక్ అతని పేరున్న రాగి నాణేలు దొరికిన పొరలనుబట్టి సుమారు 1200కు జరిపాడు. ఆ నాణేలను దగ్గరగా చూడండి: ఒక వైపు పాలకుడి పేరు, రెండో వైపు దైవస్తుతి, రెండు వైపులా అరబ్బీ పంక్తులు అంత్యప్రాసతో కలుస్తాయి, సంవత్సరం మాత్రం ఉండదు. అందువల్ల నాణెం కాలాన్ని దాని పక్కన దొరికినవాటిని బట్టే తేల్చాలి. 1984లో టాంజానియాకే చెందిన పెంబా ద్వీపం దగ్గర మ్తాంబ్వే మ్కూలో రెండు వేలకు పైగా వెండి నాణేల నిధి బయటపడింది. వాటిలో అలీ పేరున్నవీ ఉన్నాయి, వాటితో కలిసి ఉన్న బంగారు దీనార్లలో చివరిది 1066 నాటిది. దాంతో అలీ కాలం మళ్లీ వెనక్కి, 11వ శతాబ్దానికి జరిగింది. కాబట్టి మీ నోట్సులో తేదీ ఒక్కటే రాసుకోవద్దు, అది దేనిమీద ఆధారపడిందో, ఏ ఏడాది ప్రకటించినదో కూడా రాసుకోండి.

చివరగా, ఆధారాలకు అర్థం చెప్పినవారి చరిత్రనూ చదవాలి. వలస పాలన కాలంలో షీరాజీ కథను అక్షరాలా పట్టుకుని, తీరం వెంట ఉన్న రాతి పట్టణాలను పరాయివారు కట్టారని చెప్పారు. అది ఆఫ్రికన్ల చేతిపనిని వారికి కాకుండా చేసిన అన్యాయం. దానికి ప్రతిగా కొందరు కథను పూర్తిగా కల్పన అన్నారు. 2023లో నేచర్ పత్రికలో వచ్చిన ప్రాచీన డీఎన్‌ఏ పరిశోధన, తీర పట్టణాల్లో 1250-1800 మధ్యా, లోపలి ఒక పట్టణంలో 1650 తరువాతా జీవించిన మొత్తం 80 మంది అవశేషాలను పరీక్షించింది. తీరవాసుల్లో చాలామందికి తల్లుల వైపు ఎక్కువగా ఆఫ్రికన్ వారసత్వం, తండ్రుల వైపు ఎక్కువగా పర్షియన్ వారసత్వం కనిపించాయి, కొద్దిపాటి భారతీయ వారసత్వమూ ఉంది. ఈ కలయిక సుమారు 1000 నాటికే మొదలైంది. స్వాహిలి పాఠంలోని పెళ్లిని ఈ ఫలితంతో కలిపి మళ్లీ చదవాలి. అయితే పరీక్షించిన అవశేషాల్లో చాలా భాగం ఉన్నత కుటుంబాల సమాధులకు చెందినవి గనుక, మట్టి ఇళ్లలో బతికిన సామాన్యులకు ఆ ఫలితాన్ని వర్తింపజేయకూడదు. వారి గురించి తెలుసుకోవాలంటే తిరిగి కుండపెంకుల దగ్గరికి, కదురు బిళ్లల దగ్గరికే వెళ్లాలి.