మ్యాగజైన్ వంటలకి కప్పు కొలత చిట్కా

హైదరాబాద్ ఫుడ్ మ్యాగజైన్ చూసి ఉస్మానియా బిస్కెట్లు చేద్దామంటే కొలతలన్నీ కప్పుల్లోనే ఉంటాయి, మన విజయనగరం ఇళ్లలో ఉండేవేమో రకరకాల గ్లాసులు. కొలత కప్పులు కొనక్కర్లేదు. దగ్గు మందు సీసా మూత బాగా కడిగి, 15 మి.లీ. గీత వరకు నీళ్లు నింపి, ఒక గాజు గ్లాసులో 16 సార్లు పోయండి. అదే 240 మి.లీ., అంటే ఒక కప్పు. 8 మూతల దగ్గర అర కప్పు. రెండు చోట్లా బయటివైపు నెయిల్ పాలిష్‌తో గీత పెట్టేయండి, గిన్నెలు తోమినా తొందరగా పోదు.

పాలు, నూనె, పంచదారకి ఇది చక్కగా సరిపోతుంది. మైదా, చోడిపిండి మాత్రం కుదించి నింపితే ఎక్కువైపోయి బిస్కెట్ గట్టిపడుతుంది, అందుకే చెంచాతో వదులుగా వేసుకోవాలి. బెల్లం ముక్కలకైతే ఇది పనికిరాదు, తూకమే వేయాలి.