ఫోన్‌తో షార్ట్ ఫిల్మ్, 4వ పాఠం: దెబ్బకు ముందు మనసులో మాట

పోయిన పాఠంలో కిటికీ వెలుతురులో తీసిన ముఖం షాట్లు తుడిపేయకండి. ఈ వారం వాటితోనే పని.

కథ చిన్నది. జమ్మలమడుగు దగ్గర ఓ ఊళ్లో అన్నదమ్ములకు గట్టు తగాదా. తమ్ముడు అరుగు మీద కూర్చుని శెనక్కాయలు ఒలుస్తున్నాడు. పక్కనే కొడవలి. వీధిలో అన్న వస్తున్నాడు. కడప అనగానే బాంబులు, వేటకొడవళ్లు చూపించే సినిమాలు బోలెడు వచ్చాయి. కొట్టేవాడి బుర్రలో ఆ క్షణాన ఏం నడుస్తుందో వాటిలో దొరకడం అరుదు. మనం తీయాల్సింది అదే.

ముందు ఆలోచన రాయండి. చాలామంది "వీణ్ణి ఈరోజు వదలను" అని మొదలుపెడతారు. కోపంలో ఉన్న మనిషి డైలాగులతో ఆలోచించడు. "అన్నకు చెప్పులు తెగినాయి... కొత్తవి కొనుక్కోకూడదా... నాయన పోయిన రోజు గూడా ఇవే..." ఇలా తెగుతూ సాగాలి. కొడతా, నరుకుతా అన్న మాట ఒక్కటీ రానివ్వకండి. చెప్పుల దగ్గర మొదలైన మనసు నాయన చావు దాకా పోయేసరికి చూసేవాళ్లకు టెన్షన్ పట్టుకుంటుంది. మీ ఇంట్లో మాట్లాడే యాసలోనే రాయండి.

రికార్డింగుకు ఫ్యాను ఆపి, రగ్గు కప్పుకోండి. గది ప్రతిధ్వని చేరితే అది పైకి అన్న మాటలా వినిపిస్తుంది. ఫోన్ నోటికి దగ్గరగా, కాస్త పక్కకు ఉండాలి. ఎదురుగా పెడితే 'ప', 'బ'ల దగ్గర గాలి కొడుతుంది. శెనక్కాయ చప్పుడు విడిగా తీసుకోండి: బొటనవేలు నొక్కగానే పొట్టు టప్‌మంటుంది, ఆ వెంటనే గింజలు పళ్లెంలో రాలతాయి. ఆలోచన నడిచేటప్పుడు వీధి చప్పుళ్లు తగ్గించి, ఆ టప్ ఒక్కటే పెంచండి.

నటుణ్ణి కోపం చూపించమనొద్దు. రష్యా దర్శకుడు లెవ్ కులెషోవ్ సుమారు వందేళ్ల కిందట ఒకే ముఖాన్ని ఒకసారి సూపు గిన్నెతో, ఇంకోసారి శవపేటికతో జత చేశాడు. ముఖం మారకున్నా చూసినవాళ్లకు ఆకలి, దుఃఖం కనిపించాయని చెబుతారు. మీరూ ముఖం, చెప్పులు, మళ్లీ అదే ముఖం, కొడవలి అని అతికించండి.

తర్వాత 3 సెకన్లు నల్ల తెర. సెకనుకు 24 ఫ్రేముల లెక్కన 72 ఫ్రేములు. పళ్లెం పడిన శబ్దం మాత్రం వినిపించాలి. దెబ్బ పడిందో లేదో చెప్పకండి.

5వ పాఠంలో ఎడిటింగ్. అప్పటికి అన్న మనసులో మాట కూడా ఇదే పద్ధతిలో రాసి, వేరే గొంతుతో రికార్డు చేసి ఉంచండి.