పాత ఫుటేజీతో పని – 4వ పాఠం: నడకను నడకలాగే చూపించడం

క్లిప్ ఎవరి దగ్గర తీసుకున్నామో, ఏ ఏడాదిదో పోయిన పాఠంలో రాసిపెట్టుకున్నాం. ఈసారి దాన్ని టైమ్‌లైన్ మీదకి, అంటే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో క్లిప్పులను వరసగా పేర్చే చోటికి తెద్దాం.

1930 ఉప్పు సత్యాగ్రహం దృశ్యాలు మీరు టీవీలో చూసే ఉంటారు. గాంధీగారూ వెనకున్నవాళ్లూ ఎవరో తరుముతున్నట్టు నడుస్తుంటారు. చూసి పిల్లలు నవ్వుతారు. ఆ నవ్వు విన్నప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది. ఎందుకంటే అది ఎడిటర్ వదిలేసిన పని.

మూకీ కెమెరాలను చేత్తో తిప్పేవారు, లేదా స్ప్రింగుతో నడిపేవారు. సెకనుకు 16 ఫ్రేములు, అంటే 16 బొమ్మలు, కాస్త అటూ ఇటూగా. మన టీవీకి 25 కావాలి. 16తో తీసినదాన్ని అలాగే 25తో ఆడిస్తే పది సెకన్ల నడక 6.4 సెకన్లలో అయిపోతుంది. స్పీడ్ 64 శాతం పెడితే సరిపోతుంది, అది తీసింది నిజంగా 16తోనే అయితే. 18తో తీశారో, 20తో తీశారో ఎలా తెలుస్తుంది?

నడకను చూసి మాత్రం తేల్చకండి. గాంధీగారు నిజంగానే చురుగ్గా నడిచే మనిషి. అరవై ఏళ్లాయన ఇలాగే నడవాలని మనం అనుకున్నంత మేరకు తగ్గిస్తే, ఆయన నడకను మనమే మార్చేసినట్టు.

కింద పడే వస్తువును వెతకండి. మీటరు ఎత్తు నుంచి రాయిలాంటి బరువైన వస్తువు ఏది జారిపడినా నేలను తాకడానికి 0.45 సెకను పడుతుంది. అప్పుడూ అంతే, ఇప్పుడూ అంతే. ఒక ఊరేగింపు క్లిప్‌కి నేను మొదట కంటి అంచనాతో 64 పెట్టాను. డప్పు కొట్టేవాడి చేతులు నీళ్లలో ఆడుతున్నట్టు కనిపించాయి. మళ్లీ మొదటినుంచీ ఒక్కో ఫ్రేమూ జరుపుతూ చూస్తే, ఓ మూల ఒకాయన చేతిలోంచి కొబ్బరికాయ జారింది. నడుము ఎత్తు, అంటే దాదాపు మీటరు. లెక్కపెడితే 8 ఫ్రేములు. 8ని 0.45తో భాగిస్తే 18కి దగ్గర. స్పీడ్ 72 పెట్టగానే డప్పు దెబ్బ దెబ్బలా పడింది.

పడే వస్తువు దొరక్కపోతే సైనికుల కవాతు కూడా పనికొస్తుంది. నిమిషానికి 120 అడుగులు వేస్తారనుకుంటే సెకనుకు రెండు, కాబట్టి రెండు అడుగులకు ఎన్ని ఫ్రేములు పడితే అదే ఆ క్లిప్ స్పీడ్.

లెక్కపెట్టే ముందు ఒకటి చూసుకోండి. కొన్ని కాపీల్లో రెండేసి ఫ్రేములకొకటి రెండుసార్లు ముద్రించి 16ని 24 చేసి ఉంటారు. ఫ్రేములు జరుపుతుంటే బొమ్మ కదలకుండా ఆగిన చోట తెలిసిపోతుంది. వాటిని తీసేశాకే లెక్క. సౌండ్‌తో పాటే తీసిన న్యూస్‌రీల్ అయితే స్పీడ్ ముట్టుకోవద్దు.

స్పీడ్ తగ్గించాక, మీ ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ప్రీమియర్ అయితే ఫ్రేమ్ శాంప్లింగ్, డావిన్చీ అయితే నియరెస్ట్ ఎంచుకోండి. ఇవి ఉన్న ఫ్రేములనే మళ్లీ చూపిస్తాయి. ఆప్టికల్ ఫ్లో వద్దు. అది కెమెరా చూడని ఫ్రేములను పుట్టిస్తుంది, చేతివేళ్లు కరిగిపోతాయి. కాస్త కుదుపు ఉన్నా ఫర్వాలేదు, ఆ కుదుపు ఆ ఫిల్ముదే.

వచ్చే పాఠం లోపు ఇంట్లో ఒక పని చేయండి. టేపుతో గోడ మీద మీటరు కొలిచి, అక్కణ్నుంచి రాయి వదిలి, ఫోన్‌లో 30 ఫ్రేములతో తీయండి. 13 లేదా 14 ఫ్రేములు రావాలి. రాకపోతే మొదటి ఫ్రేమును ఎక్కడినుంచి లెక్కపెట్టారో మళ్లీ చూసుకోండి, రాయి వేళ్లను వదిలిన క్షణమే సున్నా.