స్కీ జంపర్ రికార్డు షీటు చదివేదెట్లా: యెన్స్ వైస్‌ఫ్లోగ్ కెరీర్‌తో ఒక లెక్క

కర్నూలు, అనంతపురం, కడపలో వ్యాయామ విద్య చదివేవాళ్ళకు, పోటీ పరీక్షలకు, కాలేజీ క్విజ్‌లకు తయారయ్యేవాళ్ళకు వింటర్ ఒలింపిక్స్ అంటే ఆఖర్న బట్టీ కొట్టే ఒక పేజీ. అందులో స్కీ జంపింగ్ (కాళ్ళకు స్కీలు కట్టుకొని కొండ వాలు మీద జారి దూకే ఆట) వచ్చేసరికి పేరు, దేశం, పతకం రాసుకొని వదిలేస్తారు. తప్పులు పడేది అక్కడే. ఈ ఆటలో ఒకే మనిషి రెండు దేశాల పేర్ల కింద కనిపిస్తాడు. 70 మీటర్ల కొండ అని రాసిన చోట దూకు 90 మీటర్ల దాకా ఉంటుంది. అందరికంటే దూరం దూకినవాడికి వెండి పతకం వస్తుంది. ఇవన్నీ అచ్చుతప్పులు కావు, లెక్క తెలిస్తే విడిపోయే ముడులే.

ఆ లెక్క నేర్చుకోవడానికి జర్మనీ జంపర్ యెన్స్ వైస్‌ఫ్లోగ్ కెరీర్ కంటే మంచి పాఠం దొరకదు. ఆయన ఆడిన కాలంలో దేశం మారింది, ఎగిరే పద్ధతి మారింది, సీజన్ పొడుగునా జరిగే పోటీల వరుస అయిన వరల్డ్ కప్ పాయింట్ల పట్టిక మారింది. గాలికి పాయింట్లు కలపడం, తీసివేయడం మాత్రం అప్పటికి లేదు. అందుకే ఆయన స్కోర్లు కాగితం, పెన్నుతో సరిచూసుకోవచ్చు.

రిజిస్టర్ తయారీ

లాంగ్ నోట్‌బుక్ అడ్డంగా తిప్పి ఏడు గడులు గీయండి: సీజన్, ఊరు, దేశం, కొండ, రెండు దూకుల దూరాలు, మొత్తం పాయింట్లు, గమనిక. ఆఖరి గడి వెడల్పుగా ఉంచండి. అసలు కథంతా అందులోనే పడుతుంది.

సీజన్‌ను ఎప్పుడూ రెండు ఏళ్ళతో రాయండి. స్కీ జంపింగ్ సీజన్ నవంబర్లో మొదలై మార్చిలో ముగుస్తుంది. జర్మనీ, ఆస్ట్రియాల్లో జరిగే ఫోర్ హిల్స్ టోర్నమెంటు డిసెంబరు ఆఖర్లో ఓబెర్స్ట్‌డోర్ఫ్‌లో మొదలై, గార్మిష్, ఇన్స్‌బ్రుక్ మీదుగా జనవరి 6కు బిషోఫ్స్‌హోఫెన్‌లో ముగుస్తుంది. వైస్‌ఫ్లోగ్ దాన్ని 1984, 1985, 1991, 1996లో గెలిచాడు. నాలుగుసార్లు గెలిచిన మొదటివాడు ఆయనే. ఒక పుస్తకంలో 1990 అని, ఇంకోదాంట్లో 1991 అని ఉంటే అవి రెండు టోర్నమెంట్లు అనుకొని ఒకటి ఎక్కువ లెక్కపెట్టే ప్రమాదం ఉంది. 1990-91 అని రాసుకుంటే ఆ గొడవ ఉండదు.

దేశం గడి

వైస్‌ఫ్లోగ్ 1964 జూలై 21న ఎర్లాబ్రున్‌లో పుట్టాడు. అప్పటికి అది తూర్పు జర్మనీ. చెక్ సరిహద్దు కొండల్లోని ఓబెర్వీజెంతాల్ క్లబ్బు తరఫున ఎదిగాడు. 1984 సారాయెవో ఒలింపిక్స్‌లో నార్మల్ హిల్ (చిన్న కొండ) బంగారు పతకం, లార్జ్ హిల్ (పెద్ద కొండ) వెండి పతకం తూర్పు జర్మనీ ఖాతాలో పడ్డాయి. 1990 అక్టోబరు 3న రెండు జర్మనీలు కలిశాయి. 1994 లిల్లెహామర్ ఒలింపిక్స్‌లో గెలిచిన రెండు బంగారు పతకాలు జర్మనీ ఖాతాకు వెళ్ళాయి. "జర్మనీకి ఈయన తెచ్చిన ఒలింపిక్ పతకాలు ఎన్ని?" అని క్విజ్‌లో అడిగితే జవాబు రెండు. "ఈయన గెలిచినవి ఎన్ని?" అంటే నాలుగు. ప్రశ్న చెవిన పడగానే నోరు తెరవకుండా ఏది అడిగారో చూసుకోవాలి. పశ్చిమ జర్మనీకి 1990 దాకా వేరే జట్టు ఉండేది, దాన్ని ఇందులో కలపకూడదు.

కొండ గడి, పాయింట్ల లెక్క

ఇక్కడ కాస్త నిదానంగా పోవాలి. ప్రతి కొండకూ కే పాయింట్ అని ఒక గీత ఉంటుంది. కే 90 అంటే ఆ గీత 90 మీటర్ల దగ్గర ఉందని. ఆ గీత మీద దిగితే దూరానికి సరిగ్గా 60 పాయింట్లు. గీత దాటి పోయిన ప్రతి మీటరుకు పాయింట్లు కలుపుతారు, ముందే దిగితే తీసేస్తారు. మీటరు విలువ కొండను బట్టి మారుతుంది. ఇప్పటి నిబంధనల్లో కే 90, కే 98 లాంటి నార్మల్ హిల్ మీద మీటరుకు 2.0, కే 120 లాంటి లార్జ్ హిల్ మీద 1.8. ఇంకా పెద్దవైన స్కీ ఫ్లయింగ్ కొండల మీద గీతకే 120 పాయింట్లు, ఆపైన మీటరుకు 1.2. దూరాన్ని అర మీటరు చొప్పున కొలుస్తారు కాబట్టి లార్జ్ హిల్ మీద అర మీటరు అంటే 0.9 పాయింటు.

దీనికి స్టైల్ మార్కులు కలుపుతారు. ఐదుగురు జడ్జీలు ఒక్కొక్కరు 20కి మార్కులు వేస్తారు. అందరికంటే ఎక్కువ వేసినవారిదీ తక్కువ వేసినవారిదీ తీసేసి మిగిలిన మూడూ కలుపుతారు. అంటే ఒక దూకుకు 60 మించవు.

లిల్లెహామర్ లార్జ్ హిల్, కే 120. వైస్‌ఫ్లోగ్ దూకులు 129.5, 133.0 మీటర్లు. మొదటిది గీత దాటి 9.5 మీటర్లు: 9.5 × 1.8 = 17.1, దానికి 60 కలిపితే 77.1. రెండోది 13 మీటర్లు: 23.4, అంటే 83.4. దూరానికి మొత్తం 160.5. ఆయన స్కోరు 274.5 కాబట్టి స్టైల్‌కు వచ్చినవి 114. సగటున దూకుకు 57, అంటే జడ్జీకి 19.

వెండి గెలిచిన నార్వే జంపర్ ఎస్పెన్ బ్రెడెసెన్ మొదటి రౌండులో 135.5 మీటర్లు దూకాడు. వైస్‌ఫ్లోగ్ రెండు దూకుల్లో ఏదీ అంత దూరం పోలేదు. కానీ రెండో దూకులో బ్రెడెసెన్ 122.0 దగ్గరే దిగాడు. లెక్క కడితే 87.9, 63.6 కలిపి దూరానికి 151.5. ఆయన మొత్తం 266.5 కాబట్టి స్టైల్ 115. అంటే స్టైల్‌లో ఒక పాయింటు ముందున్నా, దూరంలో 9 పాయింట్లు వెనకబడ్డాడు. "ఎక్కువ దూరం దూకాడు, అయినా ఓడాడు" అని రాసేవాళ్ళు ఆ రెండో దూకును చూడనివాళ్ళే.

గీతకు ముందు దిగితే ఏమవుతుందో అదే కొండ మీద జట్టు పోటీ చూపిస్తుంది. ఆఖరి దూకుకు జపాన్ గెలుపు దాదాపు ఖాయం అనుకున్నారు. వైస్‌ఫ్లోగ్ 135.5 మీటర్లు దూకి దిగాక మసహికో హరాడ వంతు వచ్చింది. 97.5 దగ్గర దిగాడు. గీతకు 22.5 మీటర్లు తక్కువ: 40.5 పాయింట్లు పోగా దూరానికి మిగిలింది 19.5. జర్మనీ 970.1, జపాన్ 956.9. తేడా 13.2ను 1.8తో భాగిస్తే 7.33 మీటర్లు. అర మీటరు కొలతలో అది 7.5. అంటే అదే స్టైల్ మార్కులతో 105 మీటర్లు దూకినా బంగారం జపాన్‌దే. ఈ భాగహారం ఒక్కటి చేతికి వస్తే ఏ పోటీలోనైనా "ఇంకెంత దూకి ఉండాల్సింది" అనే ప్రశ్నకు జవాబు మీ దగ్గరే ఉంటుంది.

పాత పుస్తకాల్లో 70 మీటర్ల కొండ, 90 మీటర్ల కొండ అని ఉంటే కంగారు పడొద్దు. అవి వర్గం పేర్లే, కొలతలు కావు. 70 అంటే నార్మల్ హిల్, 90 అంటే లార్జ్ హిల్ అని మార్చి రాసుకోండి. 1988 దాకా ఒలింపిక్స్‌లో ఆ పేర్లే వాడారు. సారాయెవో నార్మల్ హిల్‌లో వైస్‌ఫ్లోగ్ 215.2తో గెలిచాడు, ఫిన్లాండ్ జంపర్ మట్టి నుకానెన్‌కు 214.0. తేడా 1.2 పాయింట్లే. లార్జ్ హిల్‌కు వచ్చేసరికి అదే నుకానెన్ 17.5 పాయింట్ల తేడాతో ఈయన్ను వెనక్కి నెట్టాడు. సారాయెవో లాంటి పాత కాలం స్కోర్లకు ఇప్పటి మీటరు విలువలు వేసి చూడకండి, లెక్క తేలదు.

గమనిక గడి: పద్ధతి మార్పు

వైస్‌ఫ్లోగ్ పతకాల మధ్య పదేళ్ళ ఖాళీ ఉంది. 19 ఏళ్ళకు ఒలింపిక్ బంగారం, మళ్ళీ 29 ఏళ్ళకు. మధ్యలో 1985, 1989 వరల్డ్ చాంపియన్‌షిప్‌లలో నార్మల్ హిల్ గెలిచినా, 1988, 1992 ఒలింపిక్స్‌లో పతకం లేదు. 1992 నాటి వెనకబాటుకు కారణం వయసు అని రాస్తే పొరపాటే. అప్పటిదాకా జంపర్లు రెండు స్కీలనూ పక్కపక్కన సమాంతరంగా ఉంచి ఎగిరేవాళ్ళు. స్వీడన్‌కు చెందిన యాన్ బోక్లోవ్ ముందు కొనలు విడదీసి వీ ఆకారంలో ఎగరడం మొదలుపెట్టాడు. జడ్జీలు స్టైల్ మార్కులు కోసేవాళ్ళు. అయినా 1988-89 వరల్డ్ కప్ ఆయనే గెలిచాడు, ఎందుకంటే వీ ఆకారంలో శరీరం, స్కీలు కలిపి గాలికి ఎక్కువ వైశాల్యం తగులుతుంది, ఎత్తే బలం పెరుగుతుంది. కోసిన మార్కుల కంటే దూరంలో వచ్చేవే ఎక్కువ. 1992 ఆల్బర్‌విల్ నాటికి వీ పద్ధతి వాళ్ళదే పైచేయి. లార్జ్ హిల్ గెలిచిన టోని నియెమినెన్‌కు అప్పటికి 16 ఏళ్ళు.

చిన్నప్పటి నుంచి ఒంట్లో ఇంకిన కదలికను పాతికేళ్ళు దాటాక మార్చుకోవడం చిన్న పని కాదు. టేకాఫ్ బల్ల అంచున కాలు తన్నే క్షణం సెకనులో మూడో వంతు కూడా ఉండదు. అంత తక్కువ సమయంలో ఆలోచించి చేసేదేమీ ఉండదు, అలవాటే చేస్తుంది. పాత పద్ధతిలోనూ కొత్త పద్ధతిలోనూ ఒలింపిక్ బంగారం గెలిచినవాడు కాబట్టే వైస్‌ఫ్లోగ్ పేరు చెప్పుకుంటారు. మీ రిజిస్టర్‌లో 1992 దగ్గర ఎర్ర ఇంకుతో గీత గీసి, పైన సమాంతరం అని, కింద వీ అని రాయండి.

వరల్డ్ కప్ పాయింట్లు కూడకండి

1992-93 దాకా గెలిచినవారికి 25 పాయింట్లు, మొదటి 15 మందికే ఏదో ఒకటి దక్కేది. 1993-94 నుంచి గెలిస్తే 100, రెండో స్థానానికి 80, మూడుకు 60, ఆ తర్వాత 50, 45, 40 అలా 30వ స్థానానికి 1 దాకా. వైస్‌ఫ్లోగ్ కెరీర్ రెండు పట్టికల మీదా నడిచింది. మొత్తం పాయింట్లు కూడితే వచ్చే సంఖ్యకు అర్థం లేదు. గెలుపుల సంఖ్య రాసుకోండి: 33. ఓవరాల్ కప్పు 1983-84లో ఒకసారి.

వేసవి పోటీల ఫలితాలు కూడా వేరుగా ఉంచాలి. ఆగస్టులో స్కీ జంపింగ్ ఏమిటని అనుమానం రావచ్చు. తూర్పు జర్మనీకే చెందిన హాన్స్ రెన్నర్ 1954లో ప్లాస్టిక్ పరుపుల మీద దూకే ఏర్పాటు చేశాడు. నీళ్ళు చల్లిన ప్లాస్టిక్ మంచులాగే జారుతుంది. కాబట్టి ఎండలు మండే సీమలో ఈ ఆట లేకపోవడానికి మంచు కొరత ఒక్కటే కారణం కాదు. కొండ కట్టే ఖర్చు, చిన్నప్పుడే మొదలుపెట్టే 10, 20 మీటర్ల బుడ్డ కొండలు లేకపోవడం పెద్ద అడ్డంకి. ఈ వేసవి పోటీల వరుస పేరు సమ్మర్ గ్రాండ్ ప్రీ, దాని పాయింట్లు వరల్డ్ కప్‌లో కలవవు.

గ్రౌండులో కొలిచి చూపడం

క్లాసులో 133 మీటర్లు అంటే పిల్లలకు తలకెక్కదు. అనంతపురం ఆర్ట్స్ కాలేజీ గ్రౌండులోనో, మీ ఊరి హైస్కూలు మైదానంలోనో 50 మీటర్ల టేపుతో కొలిచి 97.5, 105, 120, 133 దగ్గర జెండాలు పాతండి. 50, 100 దగ్గర మేకు దించి, టేపును అక్కడి నుంచి మళ్ళీ బిగుతుగా లాగాలి. వదులుగా లాగితే గాలికి టేపు వంగి తేడా వస్తుంది. లార్జ్ హిల్ మీద టేకాఫ్ వేగం గంటకు 90 కిలోమీటర్ల చుట్టుపక్కల, అంటే సెకనుకు 25 మీటర్లు. ఒక విషయం ముందే చెప్పండి: అసలు కొండ మీద దూరాన్ని టేకాఫ్ అంచు నుంచి వాలు వెంబడి, రెండు పాదాల మధ్య చోటు దాకా కొలుస్తారు. చదును నేల మీద వేసిన జెండాలు ఒక అంచనాకే. ఇది చూశాక గోడల మీద నుంచి దూకే ప్రయోగాలు పిల్లలు మొదలుపెడతారు, గట్టిగా వద్దనండి.

గాలి దగ్గర అథ్లెటిక్స్ కోచ్‌లు కూడా తికమకపడతారు. లాంగ్ జంప్‌లో వెనక గాలి లాభం. స్కీ జంప్‌లో ఎదురుగాలి లాభం, స్కీల కింద చేరి పైకి మోస్తుంది. అందుకే ఇప్పుడు ఎదురుగాలికి పాయింట్లు తీసేసి, వెనక గాలికి కలుపుతారు. మొదలుపెట్టే గేటు కిందికి దించినా, పైకి జరిపినా సర్దుబాటు ఉంటుంది. ఒలింపిక్స్‌లో ఇది 2014 నుంచి వచ్చింది. జర్మనీకే చెందిన ఆంద్రెయాస్ వెల్లింగర్ 2018 ఒలింపిక్స్‌లో నార్మల్ హిల్ గెలిచిన 259.3ను దూరం, స్టైల్‌తో మాత్రమే సరిచూడాలంటే కుదరదు. కే 98 మీద ఆయన రెండో దూకు 113.5 మీటర్లు, దూరానికి 91 వస్తాయి. మిగతాది తేల్చాలంటే గాలి, గేటు వరుసలు కావాలి. కొత్త జంపర్లకు ఆ రెండు గడులు అదనంగా గీయండి.

ఖాళీ గడులు

ఫలితం లేని సీజన్‌ను ఓటమిగా రాయొద్దు. వెల్లింగర్ 2019లో మోకాలి లిగమెంటు తెగి 2019-20 అంతా ఆడలేదు. 2023 ఫిబ్రవరిలో లేక్ ప్లాసిడ్‌లో మళ్ళీ వరల్డ్ కప్ పోటీ గెలిచాడు. జర్మనీ జంపర్ కారీనా ఫోగ్ట్ 2014లో మహిళల తొలి ఒలింపిక్ స్కీ జంప్ బంగారం గెలిచింది. మహిళల వరల్డ్ కప్ 2011-12లోనే మొదలైంది కాబట్టి, ఆమె గెలుపుల సంఖ్యను వైస్‌ఫ్లోగ్ 33 పక్కన పెట్టి చూడడం అన్యాయం. జర్మనీకే చెందిన కతరీనా ఆల్ట్‌హౌస్‌ను 2022 బీజింగ్ మిక్స్‌డ్ టీమ్ పోటీలో సూట్ కొలత సరిపోలేదని డిస్‌క్వాలిఫై చేశారు. అదే ఒలింపిక్స్‌లో ఆమెకు నార్మల్ హిల్ వెండి ఉంది. షీటులో డీఎస్‌క్యూ (డిస్‌క్వాలిఫై) కనబడితే సున్నా వేయకండి, కారణం రాయండి.

చేయి తిరగడానికి జనవరి 1న జరిగే ఫోర్ హిల్స్ గార్మిష్ పోటీ మంచిది. అక్కడ మధ్యాహ్నం 2 గంటలకు మొదలైతే మనకు సాయంత్రం 6:30. మొదటి రౌండులో 50 మందిని 25 జతలుగా దింపుతారు. జతలో గెలిచిన 25 మంది, ఓడినవాళ్ళలో ఎక్కువ పాయింట్లున్న ఐదుగురు రెండో రౌండుకు వెళ్తారు. కాబట్టి తన జతలో ఓడిన జంపర్ పేరు కొట్టేయకుండా, ఆ రౌండు ముగిసేదాకా పెన్సిల్‌తోనే ఉంచండి.