కెమెరామన్‌ని మింగేసే ట్రిక్కు: 1901 నాటి కామెడీని ఫోన్లో తీయడం

ఇంగ్లండ్‌లో బ్రైటన్ పక్కనున్న హోవ్‌లో మందుల షాపు నడిపిన జేమ్స్ విలియమ్సన్ 1901లో ‘ది బిగ్ స్వాలో’ తీశాడు. నిమిషం నిడివి, మూడే షాట్లు. తనని ఫొటో తియ్యొద్దని కసురుకుంటూ ఓ పెద్దమనిషి మీదిమీదికొచ్చి, కెమెరానీ కెమెరామన్‌నీ మింగేసి, నములుకుంటూ వెనక్కి వెళ్తాడు. మరి ఆ వెనక్కి వెళ్లడాన్ని ఎవరు తీశారని అడక్కండి! కిటుకంతా కట్ పడిన చోటే ఉంది: తెర మొత్తం నోటి చీకటి నిండగానే నల్లటి సెట్‌కి మారిపోతుంది, ఆ చీకట్లోకి కెమెరా, వెనకే కెమెరామన్ పడిపోతారు.

మొదటి, మూడో షాట్లు ఒకే టేకులో తీసెయ్యండి. ఫోన్‌ని ట్రైపాడ్ మీద నటుడి నోటి ఎత్తులో బిగించండి. 4కె, సెకనుకు 24 ఫ్రేములు. నటుడు మూడు మీటర్ల దూరం నుంచి తిడుతూ వచ్చి, లెన్సుకి పది సెంటీమీటర్ల దూరంలో నోరు తెరిచి రెండు సెకన్లు ఆగాలి. తర్వాత నోరు మూసి, నములుతూ వెనక్కి నడవాలి.

ఇక్కడ చెడేది ఎక్కువగా ఎక్స్‌పోజరే, అంటే బొమ్మకి పడే వెలుగు మోతాదు. ఫ్రేములో చీకటి పెరిగేకొద్దీ ఫోన్ వెలుగు పెంచేసి నాలుక, పళ్లు బయటపెడుతుంది. సెట్టింగులు మనమే పెట్టుకునే ప్రో మోడ్‌లో ఐఎస్ఓ (వెలుగుకి స్పందించే స్థాయి), షట్టర్ (ఒక్కో ఫ్రేముకి వెలుగు పడే సమయం) కదలకుండా పెట్టండి. ఎండ ఎదురుగా కాకుండా పైనుంచి పడాలి, గడ్డం కాస్త దించాలి. అప్పుడు పై పెదవి నీడ నోట్లో పడుతుంది. దగ్గరికి రాగానే ఫ్రేము గెంతితే ఫోన్ బాగా దగ్గరి వస్తువుల్ని తీసే మాక్రో లెన్సుకి మారిందన్నమాట, ఆ ఆప్షన్ ఆపెయ్యండి. పెదాల అంచులు కాస్త మసకబారినా ఫర్వాలేదు.

రెండో షాట్‌కి నల్ల మఖమల్ గుడ్డ కావాలి. శాటిన్ మెరుస్తుంది, పనికిరాదు. గుడ్డ మనిషికి కనీసం మీటరున్నర వెనక ఉండాలి, లైటు పక్కనుంచి మనిషి మీదే పడాలి. ఫ్రేము కింది అంచుకి దిగువన పరుపు వేసి దాన్నీ నల్లగుడ్డతో కప్పండి. ముందు అట్టపెట్టె కెమెరా పడాలి, వెనకే మనిషి. మనిషికి లేత రంగు బట్టలు వెయ్యండి, నల్లకోటు వేస్తే తల ఒక్కటే గాల్లో తేలుతుంది.

ఎడిటింగ్‌లో 4కెలో సగం వెడల్పు, సగం ఎత్తు ఉండే 1080 టైమ్‌లైన్ తీసుకుంటే రెండింతల జూమ్ దాకా బొమ్మ చెదరదు. కట్‌కి ముందు అర సెకనులో జూమ్ చేసి పెదాల్ని ఫ్రేము బయటికి నెట్టండి. అప్పటికీ అంచు మిగిలితే ఇంకా జూమ్ చెయ్యండి, ఆ చీకట్లో నాణ్యత తగ్గినా తెలియదు. డిజాల్వ్ (ఒక బొమ్మ మెల్లగా ఇంకోదానిలో కలిసిపోవడం) వద్దు, నేరుగా కట్ చేసి, మధ్యలో రెండు మూడు నల్ల ఫ్రేములు పెట్టండి.

పాతకాలం లుక్ కోసమని వేగం పెంచకండి. అప్పట్లో చేత్తో తిప్పుతూ సెకనుకు సుమారు 16 ఫ్రేములు తీసేవాళ్లు. వాటిని 24లో ఆడిస్తే మనుషులు ఒకటిన్నర రెట్లు వేగంగా కదులుతారు. ఆ గెంతులు తర్వాత ఆడించినవాళ్ల పుణ్యం.