తొమ్మిదో తరగతిలో యూదు ద్వేషం చరిత్రను ఎలా చెప్పాలి

విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల ఉన్నత పాఠశాలల్లో సాంఘిక శాస్త్రం బోధించే ఉపాధ్యాయుల కోసం ఈ వ్యాసం రాస్తున్నాను. నాజీయిజం పాఠం పూర్తయ్యాక కూడా తొమ్మిదో తరగతి పిల్లల్లో కొందరు "మన దేశానికి హిట్లర్ లాంటివాడే రావాలి మాస్టారూ" అంటుంటారు. ఆ మాట వాళ్లు ఇంట్లోనో రచ్చబండ దగ్గరో విన్నదే కావచ్చు. పాఠం విన్న తరువాత కూడా అది చెక్కుచెదరలేదంటే మనం చెప్పే తీరును సరిచూసుకోవాలి. నేను గమనించినంతలో లోపం ఒక్కచోటే ఉంది: పాఠం హిట్లర్‌తో మొదలై హిట్లర్‌తోనే ముగుస్తోంది. దానితో అరవై లక్షల మంది యూదుల హత్య ఒక్క మనిషి ఉన్మాదంగా పిల్లల మనసులో నిలిచిపోతోంది. అతను పుట్టడానికి వందల ఏళ్ల ముందే ఉన్న ద్వేషం అది, అతను చచ్చిన ఏడాదికే మళ్లీ ప్రాణాలు తీసిన ద్వేషం అది. ఆ సంగతి వారికి అందడం లేదు.

కాబట్టి ఈ పాఠానికి ఎన్ని పీరియడ్లు దొరికినా మొదటి పీరియడ్‌లో హిట్లర్ పేరు ఎత్తకండి. ముందు యూదులు ఎవరో చెప్పండి. మన ప్రాంతంలో క్రైస్తవ కుటుంబాల పిల్లలకు యూదులంటే బైబిల్లో వినిపించే పేరు. మిగిలినవారిలో చాలామందికి ఆ పరిచయం కూడా ఉండదు. వారికి కొచ్చిలో 1568లో కట్టిన యూదు ప్రార్థనా మందిరం గురించి చెప్పండి. కొంకణ తీరంలో గానుగ ఆడించి నూనె తీసి బతికిన బెనె ఇజ్రాయిల్ కుటుంబాలు శనివారం నాడు గానుగ కట్టేవి కావు కనుక చుట్టుపక్కలవారు వారిని శనివారపు తేలీలు అని పిలిచేవారని చెప్పండి. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో తెలుగే మాట్లాడుతూ యూదు ఆచారాలు పాటించే కుటుంబాలు నేటికీ ఉన్నాయని చెబితే తరగతి మొత్తం తలెత్తి చూస్తుంది. ఎక్కడో ఉండే అపరిచిత జాతిగా కాక, శనివారం పని మానేసే ఇరుగుపొరుగుగా యూదులు ముందు పరిచయమైతేనే తరువాత చెప్పబోయేది పిల్లల మనసుకు తగులుతుంది.

రెండో పీరియడ్‌ను నిందలకు కేటాయించండి. దీనికి వీలైనంత ఎక్కువ సమయం ఇవ్వమని నా విన్నపం. 1144లో ఇంగ్లండులోని నారిచ్ పట్టణం దగ్గర అడవిలో విలియం అనే పన్నెండేళ్ల కుర్రవాడి శవం దొరికింది. హంతకులెవరో తేలలేదు. కొన్నేళ్ల తరువాత ఒక క్రైస్తవ సన్యాసి, ఆ పిల్లవాణ్ణి యూదులే తమ మతాచారం కోసం చంపారని గ్రంథం రాశాడు. ఆ కట్టుకథ ఊరి నుంచి ఊరికి, దేశం నుంచి దేశానికి పాకింది. 1348లో ఐరోపాను ప్లేగు ముంచెత్తినప్పుడు యూదులు బావుల్లో విషం కలిపారన్న పుకారు పుట్టింది; కొందరిని చిత్రహింసలు పెట్టి వారి చేతనే ఒప్పించారు. ప్లేగుకు యూదులూ చస్తున్నారని, యూదులే లేని చోట్ల కూడా ప్లేగు ఉందని సాక్షాత్తు పోప్ ఆరో క్లెమెంట్ ప్రకటించినా వినిపించుకున్నవారు తక్కువ. 1349 ఫిబ్రవరి 14న స్ట్రాస్‌బర్గ్‌లో వందలాది యూదులను కాల్చి చంపారు. అప్పటికి ఆ పట్టణంలోకి ప్లేగు ఇంకా అడుగే పెట్టలేదు. చంపాక యూదులకు ఇతరులు చెల్లించాల్సిన బాకీలు రద్దయ్యాయి, వారి సొమ్మును పంచుకున్నారు.

ఇక్కడ మన పిల్లలకు వెంటనే అందే పోలిక ఒకటుంది. ఊళ్లో ఒకరి తరువాత ఒకరు జ్వరంతో మంచాన పడితే, ఒంటరిగా బతికే ఏ ముసలామెకో చిల్లంగి అంటగట్టడం మన జిల్లాల్లో, ముఖ్యంగా ఏజెన్సీ వైపు, పిల్లలు విని ఉన్న సంగతే. ఆ ప్రస్తావన తెస్తే తరగతిలో ఎవరో ఒకరు తమకు తెలిసిన ఉదంతం చెప్పడానికి లేస్తారు. చెప్పనివ్వండి, కాని మనుషుల పేర్లు, ఊళ్ల పేర్లు మాత్రం చెప్పనివ్వకండి. విన్నాక మూడు ప్రశ్నలు వేయండి: జబ్బుకు అసలు కారణం ఏమిటి, నింద ఆమె మీదే ఎందుకు పడింది, ఆమె ఊరు విడిచిపోతే లాభం ఎవరికి? అవే ప్రశ్నలను స్ట్రాస్‌బర్గ్‌కు వేస్తే పిల్లలు జవాబులు వారంతట వారే చెప్పగలరు. ఆ వెంటనే తేడా కూడా చెప్పాలి. చిల్లంగి నింద ఒక మనిషి మీద, ఒక ఊళ్లో పడుతుంది; యూదుల మీద నింద మాత్రం ఒక జనం మొత్తం మీద, ఒక ఖండమంతటా, రాజాజ్ఞల అండతో తరతరాలు సాగింది. 1215లో క్రైస్తవ మహాసభ వారు వేరుగా కనిపించే దుస్తులు వేసుకోవాలని శాసించింది. 1290లో ఇంగ్లండు, 1492లో స్పెయిన్ వారిని దేశం నుంచి వెళ్లగొట్టాయి. 1516లో వెనిస్ నగరం వారిని రాత్రిపూట తలుపులు మూసే ఒక పేటలో బంధించింది.

ఈ దశలో ఒక ప్రశ్న తప్పకుండా వస్తుంది: "ఇంతమంది పగబట్టారంటే వాళ్లు ఏదో చేసే ఉంటారు కదా సార్? నిప్పు లేనిదే పొగ రాదు కదా?" ఈ ప్రశ్న అడిగిన పిల్లవాణ్ణి కసరకండి. అతనిలో దురుద్దేశం లేదు, మనలో చాలామంది పెద్దలం ఆలోచించేదీ అలాగే. నిప్పు నిజంగానే ఉందని ఒప్పుకోండి: ప్లేగు నిజం, అప్పుల బాధ నిజం, యుద్ధంలో ఓటమి నిజం. ఆ నిప్పు రాజేసింది యూదులు కారని చూపించడమే మన పని. వడ్డీ వ్యాపారాన్నే తీసుకోండి. చాలాచోట్ల యూదులకు భూమి కొనే హక్కు లేదు, వృత్తి సంఘాల్లో చోటు లేదు. క్రైస్తవులు వడ్డీ తీసుకోరాదని చర్చి నిషేధించింది. మిగిలిన ఆ పనిలోకి వారిని నెట్టి, వారి దగ్గర రాజులు పన్నులు పిండుకొని, జనం కోపం మాత్రం వారికే మిగిల్చారు. అప్పుడు కూడా యూదుల్లో ఎక్కువమంది సామాన్యులు, పేదలే. షేక్‌స్పియర్ నాటకం 'వెనిస్ వర్తకుడు'లోని యూదు వడ్డీ వ్యాపారి షైలాక్ కథ పిల్లలకు తెలిసి ఉంటే ఒక విషయం చేర్చండి: ఆ నాటకం రాసేనాటికి ఇంగ్లండు నుంచి యూదులను వెళ్లగొట్టి మూడు వందల ఏళ్లు దాటింది, ప్రేక్షకుల్లో అత్యధికులు యూదుడన్నవాణ్ణి ఎరగరు. కళ్లతో చూడని మనుషుల మీద కూడా ద్వేషం నిలబడగలదనడానికి ఇంతకన్నా మంచి రుజువు నాకు కనబడలేదు.

పంతొమ్మిదో శతాబ్దాన్ని క్లుప్తంగా ముగించవచ్చు. మతం మారితే పాత నింద కొంతవరకైనా పోయేది. 1879లో జర్మన్ రచయిత విల్హెల్మ్ మార్ వంటివారు అది మతం సంగతి కాదు, రక్తం సంగతి అన్నారు, దానితో తప్పించుకునే దారి మూసుకుపోయింది. ఫ్రాన్సులో డ్రైఫస్ అనే యూదు సైనికాధికారిని 1894లో దొంగ సాక్ష్యంతో శిక్షించి, 1906లో గాని నిర్దోషిగా తేల్చలేదు. ఒక్కదాని దగ్గర మాత్రం ఆగండి. యూదు పెద్దలు ప్రపంచాన్ని ఏలడానికి రహస్యంగా కుట్ర పన్నారంటూ 1903లో రష్యా పత్రిక ఒకటి 'ప్రోటోకాల్స్' పేరుతో ఒక పత్రాన్ని ప్రచురించింది. 1864లో మూడో నెపోలియన్‌ను ఎండగడుతూ ఒక ఫ్రెంచి రచయిత రాసిన పుస్తకం నుంచి దాన్ని ఎత్తి రాశారని 1921లోనే లండన్ టైమ్స్ బయటపెట్టింది. మూల పుస్తకంలో యూదుల ఊసే లేదు. అయినా ఆ దొంగ పత్రం ఇప్పటికీ అచ్చవుతూనే ఉంది, ఫోన్లలో తిరుగుతూనే ఉంది. ప్రపంచ బ్యాంకులన్నీ ఒకే కుటుంబం చేతిలో ఉన్నాయన్న వాట్సాప్ సందేశం పిల్లల్లో ఎవరికైనా వచ్చిందేమో అడగండి. వస్తే, దాని మూలం ఎక్కడుందో పిల్లలనే వెతకమనండి.

ఇప్పుడు జర్మనీకి రండి. 1933లో యూదులు అక్కడి జనాభాలో నూటికి ఒక్కరైనా లేరు. ఈ అంకెను నల్లబల్ల మీద రాసి పీరియడ్ అయ్యేదాకా చెరపకండి. దాని కింద తేదీలు పేర్చండి: 1933 ఏప్రిల్‌లో దుకాణాల బహిష్కరణ, అదే నెలలో ప్రభుత్వోద్యోగాల నుంచి తొలగింపు, 1935లో పౌరసత్వం రద్దు, 1938 నవంబరులో ప్రార్థనా మందిరాల దహనం, ఆపైన యూదులకే వంద కోట్ల మార్కుల జరిమానా. హత్యా శిబిరాలకు ముందు ఇన్ని మెట్లున్నాయని, ప్రతి మెట్టు దగ్గరా ఇరుగుపొరుగు చూస్తూనే ఉన్నారని పిల్లలకు బోధపడాలి. శవాల ఫొటోలు చూపవద్దు. పిల్లలు కళ్లు తిప్పుకుంటారు, లేదా నవ్వేస్తారు. హిట్లర్ రోడ్లు వేశాడని, ఉద్యోగాలిచ్చాడని ఎవరైనా వాదిస్తే, కొలోన్ నుంచి బాన్‌కు వేసిన వేగ రహదారి అతను అధికారంలోకి రాక ముందే, 1932లోనే తెరిచారని, తరువాతి ఉద్యోగాల్లో పెద్ద భాగం యుద్ధ సన్నాహాల నుంచి వచ్చిందని శాంతంగా చెప్పండి.

1945తో పాఠం ఆపవద్దు. 1946 జూలైలో పోలండులోని కీల్సె పట్టణంలో ఇంటి నుంచి రెండు రోజులు కనబడకుండా పోయిన ఎనిమిదేళ్ల పిల్లవాడు, తనను యూదులున్న ఇంటి నేలమాళిగలో బంధించారని చెప్పాడు. ఆ ఇంటికి అసలు నేలమాళిగే లేదు. అయినా జనం, సైనికులు, పోలీసులు కలిసి 42 మంది యూదులను చంపారు. వారిలో చాలామంది నాజీల మారణకాండ నుంచి బతికి బయటపడినవారు. ఆ తరువాత 2008లో ముంబయిలోని యూదు కేంద్రం మీద, 2018లో పిట్స్‌బర్గ్ ప్రార్థనా మందిరం మీద జరిగిన దాడులను చెప్పండి.

గాజాలో ఇజ్రాయిల్ యుద్ధం గురించి ప్రశ్న వస్తే తప్పించుకోకండి. ఒక ప్రభుత్వం చేసే యుద్ధాన్ని, దాని విధానాన్ని విమర్శించే హక్కు ఎవరికైనా ఉంది, అక్కడ చనిపోయే పిల్లల కోసం దుఃఖించడం మానవ ధర్మం. ఆ ప్రభుత్వం చేసినదానికి కొచ్చిలోనో పారిస్‌లోనో ఉన్న యూదు కుటుంబాన్ని దోషిగా నిలబెట్టడం మాత్రం పాత నిందే. పేర్లు మార్చి ఇదే సూత్రాన్ని మన దేశంలోని ఏ మతానికైనా వర్తింపజేయమని పిల్లలను అడగండి.

పరీక్షలో 'హిట్లర్ అధికారంలోకి రావడానికి కారణాలు రాయండి' అన్న ప్రశ్నతో పాటు మరొకటి చేర్చండి: 'నారిచ్‌లో 1144లో, కీల్సెలో 1946లో వేసిన నిందల మధ్య పోలికలేమిటి? ఈ ఎనిమిది వందల ఏళ్లలో ఏమి మారింది?' తేదీలు తప్పినా, నింద వేసినవారికి ఏమి ఒరిగిందో ఆలోచించి రాసిన జవాబుకు పూర్తి మార్కులు ఇవ్వండి.