కదిలే ఆకారాలు – 4వ పాఠం: తాకాక ఎన్ని ఫ్రేములు ఆగాలి?

వృత్తాన్ని చూసి చతురస్రం భయపడినట్టు అనిపించే కదిలే బొమ్మ చేయమని పోయినసారి అడిగాను. వచ్చిన వాటిలో చాలావాటికి కళ్లున్నాయి. అమలాపురం నుంచి వచ్చినదానికి చెమట చుక్కలు కూడా ఉన్నాయి. కాబట్టి రంగుల పాఠం వాయిదా.

కళ్లు చెరిపేయండి. 1944లో హైడర్, సిమెల్ అనే మనస్తత్వ శాస్త్రవేత్తలు తలుపున్న ఒక పెట్టె చుట్టూ రెండు త్రిభుజాలు, ఒక చిన్న వృత్తం కదిలే చిత్రం చూపించి, ఏం జరిగిందో రాయమన్నారు. మొదటి బృందంలో 34 మంది. ఒక్కరు తప్ప అందరూ ప్రాణమున్నవాటి చేష్టలుగానే రాశారు. పెద్ద త్రిభుజం చాలామందికి దౌర్జన్యపరుడిలా కనిపించింది. ఆ బొమ్మల్లో ముఖమన్నది లేదు. తరమడం, తప్పుకోవడం, తలుపు వేయడం ఉన్నాయి. నరసాపురం నుంచి వచ్చిన ఒక్క బొమ్మలో మాత్రం వృత్తం ఇంకా దూరంగా ఉండగానే చతురస్రం జరిగిపోయింది. భయమంటే అది.

ఇక అసలు చిక్కు. ఫ్రేము అంటే వరసలో ఒక్కో కదలని బొమ్మ. సెకనుకు 24 ఫ్రేములైతే ఒక్కోటి సుమారు 42 మిల్లీసెకన్లు. వృత్తం తాకిన మరుక్షణం చతురస్రం కదిలితే, వృత్తమే నెట్టిందంటాం. ఆరు ఫ్రేములు ఆగి కదిలితే, తనంతట తానే వెళ్లిందంటాం. రెండు, మూడు ఫ్రేములైతే చూసేవాళ్లు తలో మాట చెబుతారు, అంత విరామం పెట్టకండి. బెల్జియం మనస్తత్వ శాస్త్రవేత్త ఆల్బెర్ మిషోట్ ఇలాంటి ప్రయోగాలనే 1946లో పుస్తకంగా తెచ్చాడు.

మీలో చాలామంది ఒక్క ఫ్రేము కూడా ఆపలేదు, అయినా నెట్టినట్టు లేదు. కారణం బొమ్మలు కదిలించే యాప్‌లోని ఈజింగ్. అది కదలికను మెల్లగా మొదలుపెట్టి, మెల్లగా ఆపుతుంది. తొలి నాలుగైదు ఫ్రేముల్లో చతురస్రం వెంట్రుకవాసి జరుగుతుంది, కంటికి ఆగినట్టే ఉంటుంది. మీరు పెట్టని విరామం యాప్ పెట్టింది. తాకే చోట ఈజింగ్ పూర్తిగా తీసేయండి. ఆగే చోట మాత్రం ఉంచుకోండి. తీశాక మొదటి రెండు ఫ్రేములనూ ఒకదానిపై ఒకటి పెట్టి, జరిగిన దూరం కొలవండి. నేనైతే కాగితం మీదే గీస్తాను. అక్కడ ప్రతి దూరమూ నా చేతిలో ఉంటుంది.

అభ్యాసం: లాకుల దగ్గర కాలువ గట్టున కూర్చుని, గుర్రపుడెక్క గుంపులు కొట్టుకుపోవడం ఫోనులో తీయండి. ఒకటి గట్టుకు చిక్కుకోవాలి, ఇంకొకటి వచ్చి తగలాలి. అది దొరికేదాకా లేవకండి. అందులో పది సెకన్లను వట్టి వృత్తాలుగా, సెకనుకు 12 చొప్పున, 120 కాగితాల మీద గీయండి. కాలువ సంగతి చెప్పకుండా ముగ్గురికి చూపించి, వాళ్లు వాడిన క్రియలు రాసి పంపండి: విడిపించింది, గెంటేసింది, పలకరించింది, ఏదైనా సరే.